జడ్జిగారు సంతకం పెట్టిన ప్రతి కాగితం తీర్పు కాదు

పోయిన వేసవిలో ఒక ఆదివారం పొద్దున అనంతపురంలో మా ఇంటికి ఒకాయన వచ్చాడు. కోర్టులో అటెండరు. ఏ కోర్టో, ఏ ఊరో రాయను. చొక్కా జేబులోంచి నాలుగు మడతల కాగితం తీసి, టీపాయ్ మీద పరిచి, అరచేత్తో రెండుసార్లు సాపు చేశాడు. మడతల దగ్గర అప్పటికే చిరుగు పట్టింది. ఎంతమందితో చదివించుకున్నాడో. అది ఛార్జి మెమో. డ్యూటీకి ఆలస్యంగా రావడం, పై అధికారితో అమర్యాదగా మాట్లాడటం, చెప్పిన పని చేయకపోవడం అని మూడు ఆరోపణలు. కింద జడ్జిగారి సంతకం, గుండ్రటి కోర్టు ముద్ర.

“చెప్పిన పని అంటే ఏం పని?” అని అడిగాను. కాసేపు ఏమీ మాట్లాడలేదు. “ఇంటి పని సార్” అన్నాడు, నేల చూస్తూ.

నేను ఇరవై ఏళ్లుగా సర్వీసు కేసులు చూస్తున్న వకీలును. ఇలాంటి కాగితాలు చాలా చూశాను. పంచాయతీ సెక్రటరీలవి, టీచర్లవి, బస్సు కండక్టర్లవి. వాళ్లెవరూ అడగని మాట ఈయన అడిగాడు. “జడ్జి మీద యాడన్నా కేసు పడుతుందా సార్? ఆయప్ప రాసిందే తీర్పు గదా. నేను యాడికి పోవాల?”

ఆ మాట చాలా రోజులు నన్ను వదల్లేదు. టీచరుకు అన్యాయం జరిగితే కోర్టుకు పోతాడు. కండక్టరూ అంతే. కోర్టులోనే బెంచీ తుడిచి, కేసు కట్టలు మోసి, పేర్లు పిలిచే మనిషికి అన్యాయం జరిగితే ఆయనకు ఆ గడపే భయం. జడ్జిలకు చట్టం ఇచ్చిన రక్షణ గురించి కోర్టు ఉద్యోగుల్లో రెండు రకాల మాటలు వింటుంటాను. జడ్జిని దేంట్లోనూ, ఎవరూ, ఏమీ అడగలేరని ఒకటి. ప్రైవేటు కేసు పడేస్తే ఆయనే దిగొస్తాడని, యూనియన్‌లో కాస్త దూకుడు మనుషులు చెప్పేది రెండోది. మొదటి మాట నమ్మిన మనిషి నోరు మూసుకుని ఇంక్రిమెంట్లు పోగొట్టుకుంటాడు. రెండో మాట నమ్మిన మనిషి ఉద్యోగమే పోగొట్టుకుంటాడు.

అసలు ఈ రక్షణ ఎందుకు పుట్టిందో ముందు చూడాలి. గుత్తిలోనో ఆదోనిలోనో ఇద్దరు అన్నదమ్ములు గెట్టు తగాదాతో కోర్టుకొచ్చారనుకుందాం. ఎవరో ఒకరు ఓడాల్సిందే. ఓడినవాడు పై కోర్టుకు అప్పీలు చేసుకోవచ్చు. అలా కాకుండా జడ్జి మీదే నష్టపరిహారం దావా వేయొచ్చు అంటే, తీర్పు రాసే ప్రతిసారీ జడ్జి చెయ్యి వణుకుతుంది. ఊళ్లో పలుకుబడి ఉన్నవాడి వైపు పెన్ను వంగుతుంది. కాబట్టి ఈ కవచం పేరుకు జడ్జిది, దాని నీడన బతికేది మాత్రం పలుకుబడి లేని కక్షిదారు. ఇది తీసేయాలని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను.

ఆ కవచాన్ని రాతలో పెట్టింది కంపెనీ పాలనలో, డల్హౌసీ గవర్నర్ జనరల్‌గా ఉన్నప్పుడు వచ్చిన 1850 నాటి న్యాయాధికారుల రక్షణ చట్టం. అందులో ఉన్నది ప్రధానంగా ఒకే సెక్షన్. న్యాయ విధి నిర్వహణలో చేసిన పనికి జడ్జి మీద సివిల్ దావా నడవదు. తన పరిధి దాటి చేసినా సరే, ఆ అధికారం తనకుందని సదుద్దేశంతో నమ్మి ఉంటే చాలు. చట్టంలో జడ్జి, మేజిస్ట్రేటు పేర్ల పక్కనే కలెక్టరు పేరు కూడా ఉంటుంది. ఇప్పటివాళ్లకు అది వింతగా కనపడొచ్చు గానీ, దత్తమండలాల వాళ్లం మనకు వింత కాకూడదు. 1800లో నిజాం ఈ సీమను కంపెనీకి అప్పగించాక థామస్ మన్రో 1807 దాకా ఇక్కడ కలెక్టరుగా చేశాడు. తర్వాత 1816లో మద్రాసు ప్రెసిడెన్సీలో తెచ్చిన మార్పులతో కలెక్టరుకే మేజిస్ట్రేటు అధికారమూ వచ్చింది. పొద్దున శిస్తు లెక్క చూసిన చెయ్యే మధ్యాహ్నం శిక్ష రాసేది. అలాంటి మనిషి మీద ఎవరైనా దావా వేస్తే కోర్టు ముందు తేల్చుకోవాల్సింది ఒకటే. ఆ పని చేసినప్పుడు ఆయన ఏ కుర్చీలో ఉన్నాడు?

రెండు కుర్చీలు, ఒకే సంతకం

మా అటెండరన్న కేసుకు కూడా తాళంచెవి ఇదే. పదిన్నరకు బెంచి ఎక్కి వాదనలు విని తీర్పు చెప్పే జడ్జి, అంతకుముందు ఛాంబర్లో కూర్చుని వేరే పనులు చాలా చేస్తారు. సిబ్బంది సెలవు చీటీల మీద సంతకం, సమన్లు అందించే ప్రాసెస్ సర్వర్ల డ్యూటీలు, కోర్టు డబ్బు చూసే నాజరు లెక్కలు, ఫ్యాన్లు, బీరువాలు, స్టేషనరీ ఇండెంటు. జిల్లా జడ్జి అయితే నియామకాలు, బదిలీలు, సస్పెన్షన్లు కూడా. ఈ పనుల్లో వాది లేడు, ప్రతివాది లేడు, సాక్ష్యం లేదు, తీర్పు లేదు. తహసీల్దారు తన ఆఫీసులో చేసే పనీ ఇదే, డీఈఓ చేసే పనీ ఇదే. ముద్ర ఒకటే కావడం వల్ల చూసేవాళ్లకు రెండూ కలిసిపోయి కనిపిస్తాయి.

ఈ తేడాను సుప్రీంకోర్టు చాలా ముందే చెప్పింది. 1965లో అన్వర్ హుస్సేన్ కేసు వచ్చింది. అస్సాంలో ఒక సబ్ డివిజనల్ ఆఫీసరు మేజిస్ట్రేటు కూడా. ఆయన ఒక మనిషిని అరెస్టు చేయించాడు. దావా పడితే 1850 చట్టం అడ్డం పెట్టుకున్నాడు. మీరు ఆ అరెస్టు చేయించింది మేజిస్ట్రేటు కుర్చీలోంచి కాదు, పాలనాధికారిగా చేయించారు, కాబట్టి ఆ చట్టం మీకు వర్తించదని కోర్టు తేల్చింది. మనిషి ఒక్కడే, హోదాలు రెండు. రక్షణ మాత్రం ఒక్క హోదాకే.

అంతకు పదేళ్ల ముందు, 1955లో, ప్రద్యోత్ కుమార్ బోస్ కేసు. ఆయన కలకత్తా హైకోర్టులో రిజిస్ట్రార్ స్థాయి ఉద్యోగి. ప్రధాన న్యాయమూర్తి ఆయన్ను డిస్మిస్ చేశారు. ఆ అధికారం ప్రధాన న్యాయమూర్తికి ఉందని సుప్రీంకోర్టు చెప్పింది, ఉద్యోగి ఓడిపోయాడు. కానీ తీర్పులో మనకు పనికొచ్చే మాట ఒకటుంది. సిబ్బందిని తీసుకోవడం, తీసేయడం ప్రధాన న్యాయమూర్తి చేసే పాలనాపరమైన పని అని. హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి చేసినా అది పాలనే అయినప్పుడు, తాలూకా కోర్టులో ఇచ్చిన మెమో తీర్పు ఎట్లా అవుతుంది? దీని పక్కన 1966 నాటి నరేష్ మిరాజ్‌కర్ కేసు పెట్టి చూడండి. జడ్జి బెంచి మీద నుంచి ఇచ్చిన న్యాయపరమైన ఉత్తర్వు మీద ప్రాథమిక హక్కుల పేరుతో రిట్, అంటే అధికారుల చర్యను సవాలు చేస్తూ నేరుగా పై కోర్టులో వేసే పిటిషన్, వేయడం కుదరదని తొమ్మిది మంది న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. బెంచి మీది ఉత్తర్వు నచ్చకపోతే అప్పీలు చేసుకోవాలి. ఛాంబర్లో ఇచ్చిన పాలనా ఉత్తర్వు మీద మాత్రం హైకోర్టులో రిట్ వేయొచ్చు.

ఇదే చిక్కు అమెరికాలో ఇంకా సూటిగా తేలింది. ఇల్లినాయ్ రాష్ట్రంలో వైట్ అనే జడ్జి తన కోర్టులోని ప్రొబేషన్ ఆఫీసరును, ఆమె పేరు ఫారెస్టర్, 1980లో మొదట కింది పనికి దించి, తర్వాత ఉద్యోగంలోంచి తీసేశారు. ఆడదాన్నని వివక్ష చూపించారని ఆమె దావా వేసింది. జ్యూరీ ఆమెకు 81 వేల డాలర్ల పైచిలుకు పరిహారం ఇవ్వమంది. జడ్జికి రక్షణ ఉందని కింది కోర్టులు ఆ పరిహారం కొట్టేశాయి. 1988లో అక్కడి సుప్రీంకోర్టు న్యాయమూర్తులంతా ఒకే మాటగా ఆ రక్షణను ఒప్పుకోలేదు. తీర్పు రాసింది శాండ్రా డే ఓకానర్. ఉద్యోగిని తీసేయడం ఏ ఆఫీసులోనైనా ఏ అధికారైనా చేసే పని, జడ్జి చేసినంత మాత్రాన అది న్యాయ విధి అయిపోదని ఆమె రాశారు. దాని వెనక అక్కడి 1880 నాటి తీర్పు ఒకటుంది. వర్జీనియాలో ఒక కౌంటీ జడ్జి నల్లజాతి వాళ్లను జ్యూరీ జాబితాలోకి రానివ్వలేదని కేసు. పని న్యాయపరమైనదా కాదా అన్నది ఆ పనిని బట్టి చూడాలి గానీ చేసిన మనిషిని బట్టి కాదని అప్పుడే చెప్పారు. నాకు ఈ మొత్తం విషయంలో ఇంతకంటే తేటగా అనిపించిన మాట ఇంకొకటి లేదు.

ఇంతదాకా చదివినవాళ్లకు, అయితే మన దగ్గర కూడా ఆ అటెండరు జడ్జి మీద నష్టపరిహారం దావా వేయొచ్చు కదా అనిపిస్తుంది. అక్కడే ఆగాలి.

1985లో చేరిన ఒక్క మాట

పార్లమెంటు 1985లో న్యాయమూర్తుల రక్షణ చట్టం చేసింది. 1850 చట్టం పోలేదు, దానికి తోడు ఇది వచ్చింది. పాత చట్టం సివిల్ దావా గురించే మాట్లాడింది. కొత్తది సివిల్, క్రిమినల్ రెండూ అంది. పాతదానిలో న్యాయ విధి అనే ఉంది. కొత్తదానిలోని మూడో సెక్షన్ ‘అధికారిక లేదా న్యాయ’ విధి అంటుంది. జడ్జిగా ఉన్నవారు, ఒకప్పుడు జడ్జిగా చేసినవారు, తమ అధికారిక లేదా న్యాయ విధిలో భాగంగా చేసిన పని మీద, అన్న మాట మీద ఏ కోర్టూ కేసు తీసుకోకూడదు.

ఆ ‘అధికారిక’ అన్న ఒక్క మాట వల్ల ఛాంబర్ కుర్చీకి కూడా కొంత గొడుగు పట్టినట్లయింది. సిబ్బంది మీద క్రమశిక్షణ చర్య తీసుకోవడం జడ్జి అధికారిక విధుల్లో ఒకటి. కాబట్టి మెమో ఇచ్చినందుకో, సస్పెండ్ చేసినందుకో జడ్జి సొంత జేబులోంచి పరిహారం ఇమ్మని మున్సిఫ్ కోర్టులో దావా వేస్తే ఈ సెక్షన్ ఎదురొస్తుంది. అమెరికాలో ఫారెస్టర్‌కు తెరుచుకున్న తలుపు ఇక్కడ మూసే ఉందనుకోవాలి. యూనియన్ మిత్రులకు నేను పదే పదే చెప్పేది ఇదే. కోపంలో ప్రైవేటు కేసు వేయకండి.

కానీ అదే సెక్షన్‌లో రెండో భాగం ఉంది. దాన్ని చాలామంది చదవరు. ప్రభుత్వం, సుప్రీంకోర్టు, హైకోర్టు, చట్టప్రకారం అధికారం ఉన్న మరే సంస్థ అయినా జడ్జి మీద సివిల్, క్రిమినల్ లేదా శాఖాపరమైన చర్య తీసుకోవడానికి మొదటి భాగం అడ్డు కాదని అది స్పష్టంగా చెబుతుంది. అంటే కక్ష పట్టినవాడెవడో వచ్చి జడ్జిని కోర్టుకు లాగకుండా ఆపారు. జడ్జి మీద అదుపు ఉన్నవాళ్ల చెయ్యి ఆపలేదు. జిల్లా కోర్టుల మీద, వాటి కింది కోర్టుల మీద అదుపు రాజ్యాంగం 235వ అధికరణం ప్రకారం హైకోర్టుది. అదుపు అంటే క్రమశిక్షణ చర్య కూడా అని 1965లో నృపేంద్రనాథ్ బాగ్చి కేసులో సుప్రీంకోర్టు తేల్చింది.

ఇంకో సంగతి. రక్షణ దక్కేది మనిషికి, ఆయన ఇచ్చిన ఉత్తర్వుకు కాదు. మెమో తప్పయితే మెమో పోతుంది, సస్పెన్షన్ తప్పయితే అది పోతుంది, డిస్మిస్ తప్పయితే ఉద్యోగం తిరిగొస్తుంది. అన్యాయంగా తీసేసినట్టు తేలితే పాత జీతంతో సహా తిరిగి తీసుకోవడమే మామూలు పద్ధతి అని 2013లో దీపాలీ సుర్వసే కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ డబ్బు జడ్జి జేబులోంచి రాదు, ఖజానాలోంచి వస్తుంది. పిల్లల ఫీజులు కట్టుకోవాల్సిన మనిషికి అది ఎవరి జేబు అన్నది పెద్ద లెక్క కాదు.

మరి ఇంటి పని మాటేమిటి? 2016లో తమిళనాడులోని సత్యమంగళంలో ఒక సబ్ జడ్జి ఆఫీసు అసిస్టెంటుగా ఉన్న మహిళకు మెమో ఇచ్చారు. ఇంట్లో ఉతకాల్సిన లోదుస్తులు సరిగ్గా ఉతకలేదు, క్రమశిక్షణ చర్య ఎందుకు తీసుకోకూడదో చెప్పమని. అధికారిక కాగితం మీద, అధికారిక సంతకంతో. ఆ మెమో సంగతి పేపర్లలో చదివిన రోజు నాకు అన్నం సయించలేదు. లెటర్‌హెడ్ ఉన్నంత మాత్రాన అది అధికారిక విధి అయిపోదు. చేసిన పనికీ, విధికీ సహేతుకమైన సంబంధం ఉండాలని 1955లో మతజోగ్ దూబే కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది అధికారులను ప్రాసిక్యూట్ చేయడానికి ముందస్తు అనుమతి గురించి వచ్చిన తీర్పే అయినా, ‘విధి’ అన్న మాట వచ్చిన చోటల్లా పనికొచ్చే కొలత అది. జడ్జిగారి ఇంటి బట్టలు ఉతకడం కోర్టు విధి అని నిరూపించగల వకీలును నేనింకా చూడలేదు. అలాగే చెయ్యి చేసుకోవడం, కులం పేరుతో తిట్టడం, ఆడవాళ్లను వేధించడం. ఇవి ఏ కుర్చీలోంచి చేసినా విధి కావు.

అట్లాగని పొద్దున్నే పోలీస్ స్టేషనుకు పరుగెత్తితే పని జరగదు. తీర్పు చెప్పే క్రమంలో చేసిన పనికి భారతీయ న్యాయ సంహిత 15వ సెక్షన్, అంటే ఒకప్పటి ఐపీసీ 77, రక్షణ ఇస్తుంది. విధిలో భాగంగా చేశారన్న నేరమైతే కొత్త నాగరిక్ సురక్షా సంహిత 218వ సెక్షన్ కింద ముందస్తు అనుమతి కావాలి. అరెస్టు దాకా వస్తే, జిల్లా జడ్జికి గానీ హైకోర్టుకు గానీ తెలియజేసే చేయాలని 1991లో నడియాద్ కేసులో నియమం పెట్టారు. గుజరాత్‌లోని నడియాద్‌లో పోలీసులు ఒక మేజిస్ట్రేటునే సంకెళ్లు వేసి, తాళ్లతో కట్టారు. ఆ నియమం పుట్టింది అట్లా. కాబట్టి జడ్జి మీద నేరారోపణ ఉంటే ముందుగా తట్టాల్సింది హైకోర్టు తలుపే.

మెమో చేతిలో పడ్డాక

మన రాష్ట్రంలో కోర్టు సిబ్బందికి కూడా 1991 నాటి సీసీఏ రూల్స్, అంటే ప్రభుత్వ ఉద్యోగుల వర్గీకరణ, నియంత్రణ, అప్పీళ్ల నియమాల పద్ధతే దారి చూపిస్తుంది. వాటిలో తొమ్మిదో రూల్ శిక్షల జాబితా, ఇరవయ్యోది పెద్ద శిక్షకు జరపాల్సిన ఎంక్వైరీ పద్ధతి. చిన్న శిక్ష, పెద్ద శిక్ష అన్న మాటలు విని మోసపోకూడదు. ఒక ఇంక్రిమెంటు ఏడాది పాటు ఆపితే, ఆ తర్వాత జీతం మళ్లీ తోటివాళ్లతో సమానమవుతుంది. అదే ఇంక్రిమెంటును ‘క్యుములేటివ్ ఎఫెక్ట్’తో ఆపితే, ఆ మెట్టు ఇక ఎప్పటికీ రాదు. రిటైరయ్యే దాకా ప్రతి నెలా తక్కువ, ఆ తర్వాత పెన్షన్‌లోనూ తక్కువ. రెండు ఇంగ్లీషు మాటలే తేడా. ఇలా ఆపడం పెద్ద శిక్షే, పూర్తి ఎంక్వైరీ లేకుండా వేయకూడదని 1990లో కుల్వంత్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మెమోకు రాసిన జవాబు చూసి, ఎంక్వైరీ లేకుండానే ఆ రెండు మాటలు చేర్చి సంతకం పెట్టిన ఉత్తర్వులు నేను చూశాను. అలాంటి ఉత్తర్వు నిలబడదు. కానీ దాన్ని పట్టుకుని వచ్చేవాళ్లు తక్కువ. ఇంక్రిమెంటే కదా పోతే పోయిందిలే అనుకుంటారు.

అటెండరన్న కాగితం దగ్గరికి వస్తే, నేను మొదట చూసింది ఆరోపణలను కాదు, దాని వెనక ఏం జతపరిచారో. ఆరోపణల పత్రం, వాటి వివరం, ఆధారాల జాబితా, సాక్షుల జాబితా ఉండాలి. సాక్షుల జాబితాలో ఒకటే పేరుంది. మెమో ఇచ్చిన అధికారిదే. ఎంక్వైరీ అధికారి ఎవరని చూస్తే అక్కడా ఆయనే.

ఫిర్యాది ఆయనే, సాక్షి ఆయనే, విచారించేదీ ఆయనే. దీని గురించి మహమ్మద్ నూహ్ కేసు చెప్పాలి. ఉత్తరప్రదేశ్‌లో ఒక హెడ్ కానిస్టేబుల్ మీద ఎంక్వైరీ. ఒక సాక్షి మాట మార్చాడు. అప్పుడు ఎంక్వైరీ చేస్తున్న పోలీసు అధికారి తానే సాక్షిగా మారి, వాంగ్మూలం ఇచ్చి, మళ్లీ వచ్చి విచారణ కుర్చీలో కూర్చున్నాడు. ఇది సహజ న్యాయానికి విరుద్ధమని సుప్రీంకోర్టు గట్టిగానే అంది. అయినా ఆ కానిస్టేబుల్‌కు ఉద్యోగం రాలేదు. ఆయన్ను డిస్మిస్ చేసింది 1948లో. అప్పటికి రాజ్యాంగం అమల్లోకి రాలేదు, హైకోర్టుకు 226వ అధికరణం కింద రిట్ అధికారం లేదు. సూత్రం నిలబడింది, మనిషి నిలబడలేదు. ఆ తర్వాత ఎన్ని వేలమంది ఆయన కేసు పేరు చెప్పుకుని ఉద్యోగాలు నిలుపుకున్నారో తలుచుకున్నప్పుడల్లా నాకు ఆయన మీద జాలి, గౌరవం రెండూ కలుగుతాయి.

రాజ్యాంగం 311వ అధికరణం వచ్చాక పరిస్థితి మారింది. నియమించిన అధికారి కంటే కింది స్థాయివాళ్లు డిస్మిస్ చేయలేరు. ఆరోపణలు చెప్పి, జవాబు చెప్పుకునే అవకాశం ఇచ్చి, ఎంక్వైరీ జరిపాకే పెద్ద శిక్ష. ఎంక్వైరీ రిపోర్టు కాపీ ఉద్యోగి చేతికి ఇచ్చి, దాని మీద ఆయన మాట విన్నాకే శిక్ష వేయాలని 1993లో కరుణాకర్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఆ కేసు మన హైదరాబాదులోని ఈసీఐఎల్ అనే కేంద్ర ప్రభుత్వ ఎలక్ట్రానిక్స్ కంపెనీ నుంచి వెళ్లిందే. సస్పెన్షన్‌లో ఉన్నప్పుడు సగం జీతపు సెలవుకు వచ్చేంత మొత్తం జీవనభృతిగా ఇవ్వాలి, అది దయతో ఇచ్చేది కాదు. ఛార్జి మెమో ఇవ్వకుండా మూడు నెలలకు మించి సస్పెన్షన్‌లో ఉంచకూడదని 2015లో అజయ్ కుమార్ చౌదరి కేసులో చెప్పారు.

ఇక్కడ నిజాయితీగా ఒక మాట చెప్పాలి. హైకోర్టుకు పోతే సాక్ష్యాలన్నీ మొదటినుంచి తూకం వేసి చూస్తారని ఆశ పెట్టుకోవద్దు. శాఖాపరమైన ఎంక్వైరీ మీద హైకోర్టు అప్పీలు కోర్టు కాదని 1963లోనే, అది కూడా ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన శ్రీరామారావు కేసులోనే, సుప్రీంకోర్టు చెప్పింది. పద్ధతి తప్పారా, సాక్ష్యమే లేకుండా తేల్చారా, విచారించినవాళ్లకు పక్షపాతం ఉందా, ఇవే చూస్తారు. అందుకని కేసు గెలుపోటములు చాలావరకు మెమోకు రాసే మొదటి జవాబులోనే తేలిపోతాయి. మొదట్లో చెప్పని మాట హైకోర్టులో కొత్తగా చెబితే ఎవరూ నమ్మరు.

పక్షపాతం గురించే ఇంకొంచెం. మామూలుగా రిట్‌లో ప్రతివాదులు హోదాల పేరుతో ఉంటారు. హైకోర్టు రిజిస్ట్రార్ జనరల్, ప్రిన్సిపల్ జిల్లా జడ్జి అని. కానీ ఫలానా అధికారి కక్షతోనే చేశారు అంటే, ఆ అధికారిని సొంత పేరుతో ప్రతివాదిగా చేర్చాలి. వెనక నుంచి కక్ష అని అరిస్తే కోర్టు వినదు, ఎదురుగా నిలబెట్టి చెప్పాలి, ఆయనకూ జవాబు చెప్పుకునే అవకాశం ఉండాలి. అది నష్టపరిహారం దావా కాదు కాబట్టి 1985 చట్టం దగ్గర ఆగిపోదు.

కోర్టు ధిక్కారం భయం ఒకటుంది. జడ్జి మీద ఫిర్యాదు రాస్తే జైలుకు పంపుతారని మా అటెండరన్న కూడా అన్నాడు. 1971 కోర్టు ధిక్కార చట్టం ఆరో సెక్షన్ ఆయనకు చదివి వినిపించాను. కింది కోర్టు న్యాయాధికారి గురించి సదుద్దేశంతో హైకోర్టుకు చెప్పుకున్న మాట ధిక్కారం కాదు. బజారులో కరపత్రం పంచితే వేరు, హైకోర్టు విజిలెన్స్ రిజిస్ట్రార్‌కు పేరు, సంతకం, అఫిడవిట్, ఆధారాలతో రాసి పంపితే వేరు. పేరు లేని ఉత్తరాలు మాత్రం రాయొద్దు. వాటిని పక్కన పడేస్తారు, ఎవరు రాశారా అని ఇక్కడ వెతుకులాట మొదలవుతుంది.

చట్టం చెప్పినంత తేలిక కాదు బతుకు. అది కూడా రాయాలి. ప్రభుత్వ ఉద్యోగుల కోసం 1985లో అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునళ్ల చట్టం వచ్చింది. అందులోంచి సుప్రీంకోర్టు, హైకోర్టు, కింది కోర్టుల సిబ్బందిని బయట పెట్టారు. మన రాష్ట్రంలో ట్రిబ్యునల్ నడిచిన రోజుల్లో కూడా కోర్టు అటెండరుకు దాని గడప లేదు. ఉన్నది హైకోర్టు ఒక్కటే. ఆ హైకోర్టే పాలనా పక్షాన ఆయన పై అధికారి. అదే భవనంలో ఒక గదిలో తీసుకున్న నిర్ణయాన్ని ఇంకో గదిలో కొట్టేయమని అడగాలి. హైకోర్టు న్యాయమూర్తులు పాలనా పక్షం ఉత్తర్వులను కొట్టేసిన సందర్భాలు ఉన్నాయి, నేను కళ్లారా చూశాను. కానీ ఎనిమిదో తరగతి చదివిన బంట్రోతుకు ఆ మాట చెప్పి ధైర్యం తేవడం చాలా కష్టం.

దానికి తోడు దూరం. హైకోర్టు 2019 జనవరి 1 నుంచి అమరావతిలో ఉంది. కర్నూలు నుంచి మూడు వందల కిలోమీటర్ల పైన, అనంతపురం నుంచి ఇంకా ఎక్కువ. 1937 శ్రీబాగ్ ఒప్పందంలో రాజధాని గానీ హైకోర్టు గానీ రాయలసీమకు అన్నారు. 1953లో కర్నూలుకు రాజధాని వచ్చింది, మూడేళ్లకు పోయింది. కర్నూలులో హైకోర్టు బెంచి పెట్టాలని 2024 నవంబరులో అసెంబ్లీ తీర్మానం చేసింది. ఇదంతా పెద్దవాళ్ల రాజకీయమని కొట్టిపారేయొచ్చు. కానీ సగం జీతంతో సస్పెన్షన్‌లో ఉన్న మనిషికి రాత్రి బస్సు టికెట్టు, అక్కడ వకీలు ఫీజు, వాయిదాకు వాయిదాకు మధ్య టెన్షన్, ఇవే అసలు శిక్ష. చాలామంది ఆ లెక్క వేసుకునే ఊరుకుంటారు.

అటెండరన్నకు ఆ ఆదివారం మేము రిట్ రాయలేదు. రెండు కాగితాలు రాశాం. ఒకటి మెమోకు జవాబు. ఆలస్యంగా వచ్చిన రెండు రోజులు ఒప్పుకుంటూ, కారణం చెబుతూ. ఇంటి పని గురించి ఒక్క వాక్యం, నింద లేకుండా, తేదీతో. రెండోది జిల్లా జడ్జిగారికి దరఖాస్తు. ఫిర్యాది, సాక్షి, విచారించేది ఒకరే కాబట్టి ఎంక్వైరీ అధికారిని మార్చమని. “ఇది రాస్తే ఇంకా కోపం రాదా సార్?” అని అడిగాడు. రావచ్చు అన్నాను. రాయకపోతే ఆ మాట చెప్పే అవకాశం తర్వాత రాదు అని కూడా అన్నాను. ప్రతి కాగితం రెండు కాపీలు తీసుకుపోయి, తపాలు సెక్షన్‌లో ఒకటి ఇచ్చి, రెండోదాని మీద ముద్ర వేయించుకుని రమ్మన్నాను.

బుధవారం సాయంత్రం మళ్లీ వచ్చాడు. ఈసారి కాగితాన్ని మడవలేదు. ప్లాస్టిక్ కవరులో పెట్టుకుని తెచ్చాడు. కింద ఎడమవైపు మూలన ఇన్‌వర్డ్ నంబరు, తేదీ, ఊదారంగు సిరాతో గుండ్రటి ముద్ర. వేలితో దాన్ని చూపించి, “పడింది సార్” అన్నాడు.